‘మనము’, ‘మేము’: ప్రజారోగ్య చిత్రములలో వ్యాఖ్యాత

హిందీ డాక్యుమెంటరీ వ్యాఖ్యానమును తెలుగు చేయబూనినవానికి మొదటి వాక్యముననే ఒక చిక్కు ఎదురగును. హిందీలో ‘హమ్’ అను సర్వనామము ఒక్కటే. మాటలాడువాడును వినువాడును కలిసియున్నను అదియే. మాటలాడువాడు తనవారితో కూడి, వినువానిని వెలుపల నిలిపినను అదియే. ‘హమ్ లోగ్’ అన్నను సందేహము తీరదు. తెలుగున అట్లు కాదు. వినువాడు లోపలివాడైనచో ‘మనము’, వెలుపలివాడైనచో ‘మేము’. అక్షరములు రాని పసివాడు సైతము ఈ భేదమును తప్పడు. “మేము భోజనమునకు పోవుచున్నాము” అన్నచో ఇంటికి వచ్చిన అతిథి కూర్చున్నచోటనే ఉండును. “మనము భోజనమునకు పోదము” అన్నచో కాళ్లు కడుగుకొనుటకు లేచును. తమిళము, మరాఠీ, గుజరాతీ భాషలయందును ఈ విభాగము కలదు. హిందీ, బెంగాలీ, ఇంగ్లీషులయందు లేదు. నేటి కన్నడము దానిని పోగొట్టుకొన్నది.

ఇది వ్యాకరణమునకు సంబంధించిన చిన్న సంగతివలె తోచవచ్చును. కాని ప్రజారోగ్యమును, సంఘసమస్యలను గూర్చి టెలివిజన్‌లో వచ్చు డాక్యుమెంటరీ చిత్రముల మంచిచెడ్డలు చాలవరకు ఈ రెండు మాటల నడుమనే తేలిపోవుచున్నవి. ఒక ఊరిలో నీరు చెడినది, జ్వరము వ్యాపించినది, పిల్లల కాళ్లు వంకరలు పోయినవి. తెరమీద ఆ ఊరు కనబడుచుండగా ఒక స్వరము వినబడును. “మనము శుభ్రతను పాటింపవలెను” అని ఆ స్వరము పలికినచో, ఆ ‘మనము’లో పలుకువాడు నిజముగా ఉన్నాడా? అతడు త్రాగు నీరు ఆ బావిదేనా? కానిచో అది ‘మనము’ కాదు. ‘మనము’ వేషము వేసికొన్న ‘మీరు’. సాహిత్య విమర్శకులు ఈ వ్యాఖ్యానములను సాహిత్యముగా ఎంచుట అరుదు. బొమ్మకు అంటించిన చీటివంటిదని తలచి విడిచిపెట్టుచుందురు. అయినను ఈ దేశమున చదువురాని జనులు మిక్కిలిగా విన్న గద్యములలో ఇది యొకటి. వినబడు గద్యమునకును శైలి కలదు, నీతి కలదు. అందుచేత విమర్శకు అది పాత్రమే.

ఈ గద్యమునకు తొలి అచ్చు పోసినది ఫిల్మ్స్ డివిజన్. 1948లో ఏర్పడిన ఆ సంస్థ చిత్రములను ప్రధానచిత్రమునకు ముందు ప్రదర్శించుట సినిమాహాళ్లకు నిర్బంధముగా నుండెను. తెలుగు మొదలుగాగల అనేక భాషలలో వాటికి వ్యాఖ్యానములు సిద్ధమగుచుండెను. మసూచి, మలేరియా, క్షయ, కుటుంబనియంత్రణము మున్నగు విషయములపై వచ్చిన చిత్రములను చూచినవారికి ఆ స్వరము ఇప్పటికిని చెవులలో నుండును. దానికి ముఖము లేదు, ఊరు లేదు, ఈడు లేదు. అది దగ్గదు, తడబడదు, తెలియదని చెప్పదు. దాని క్రియాపదములన్నియు ‘వలెను’, ‘రాదు’, ‘కూడదు’ అనువానితో ముగియును. వేచియున్న ప్రేక్షకుడు కిళ్లీ నములుచు దానిని విని, మఱచిపోవుచుండెను. ఆ స్వరమును ఎగతాళి చేయుట సులభము; నేడు అది రివాజు కూడ. కాని దేశమున మసూచి చివరి రోగి 1975లో కనబడినాడనియు, 1977లో భారతదేశము ఆ వ్యాధినుండి ముక్తమైనట్లు ప్రకటింపబడినదనియు మఱవరాదు. టీకాలు వేయువాడు తలుపు తట్టినప్పుడు లోపలివారు తలుపు తీయుటకు సినిమాహాలులో విన్న మాటకును కొంత పాలు కలదనుట అతిశయోక్తి కాదు. ఆజ్ఞార్థకము ఎల్లప్పుడును అపరాధము కాదు. టీకా ఉన్నప్పుడు “వేయించుకొనుడు” అనుట న్యాయము. నీరు లేనప్పుడు “చేతులు కడుగుకొనుడు” అనుటయే అన్యాయము. ఈ రెంటికిని ఒకే కంఠము, ఒకే ధోరణి వాడుకలోనికి వచ్చుటతో దోషము ఆరంభమైనది.

టెలివిజన్ మాత్రము మరియొక రీతిగా పుట్టినది. 1959 సెప్టెంబరు 15న ఢిల్లీలో ప్రయోగాత్మకముగా ప్రసారములు మొదలైనప్పుడు వారమునకు రెండు దినములే కార్యక్రమములు ఉండెను. యునెస్కో సహాయముతో టెలిక్లబ్బులు ఏర్పడినవి. పౌరధర్మము, ప్రజారోగ్యమునకు వాటిల్లు ముప్పులు, ఆహారకల్తీ మొదలైనవి ఆనాటి విషయములు. ఇరుగుపొరుగువారు ఒకచోట చేరి చూచి, పిమ్మట తమలో తాము చర్చించుకొనుట ఆ క్లబ్బుల ఏర్పాటు. అనగా వ్యాఖ్యాత ముగించినచోట వినువారు ఆరంభించుచుండిరి. 1967 జనవరి 26న ఢిల్లీ పరిసరములందలి 80 గ్రామములకు ‘కృషి దర్శన్’ మొదలైనప్పుడును ఈ పద్ధతియే ఆదర్శము. తరువాత పెట్టె ఇంటింటికి వచ్చెను, క్లబ్బు పోయెను, చర్చ స్టూడియోలోనికి తరలిపోయెను. మాటలాడువారే చర్చించుచు, చర్చించువారే వినుచున్నారు.

తెలుగువారికి ఈ చరిత్రలో సొంత అధ్యాయము ఒకటి కలదు. 1975 ఆగస్టు 1 నుండి 1976 జులై 31 వరకు, ఏటీఎస్-6 అను అమెరికా ఉపగ్రహము సాయముతో, ఆరు రాష్ట్రములలోని 2400 గ్రామములకు ‘సైట్’ అను పేర విద్యాప్రసారములు జరిగినవి. వానిలో ఆంధ్రప్రదేశ్ గ్రామములును ఉండెను. పంచాయతీ కార్యాలయము ముందో బడి వసారాలోనో పెట్టె. కప్పుమీద కోళ్లగూటికి వాడు తీగవలతో అల్లిన పెద్ద గొడుగు. దాని క్రింద నేలమీద కూర్చున్న జనము. సేద్యము, ఆరోగ్యము, కుటుంబసంక్షేమము విషయములు. ఆ ఉపగ్రహము ఒక బొమ్మతోపాటు రెండు ధ్వనిమార్గములను పంపగలిగెను. ఒక్క దృశ్యమునకు రెండు భాషల వ్యాఖ్యానము ఏకకాలమున చెప్పవచ్చును. ఇంజనీరునకు ఇది సదుపాయము. విమర్శకునకు ఇందులో వేరొక సంగతి కనబడును: బొమ్మ ఎవరిదైనను, స్వరము విడదీయదగినది. తెరమీది తల్లి తన బిడ్డకు మందు పోయుచుండగా, ఆమె ఏమి చేయుచున్నదో ఆమె కాక మరెవరో చెప్పుచున్నారు. పెదవులు కదలును, మాట ఇతరులది. ఆమె ‘మేము’ అన్నది వ్యాఖ్యానమున ‘వారు’ అగును, లేదా మరింత ప్రమాదముగా ‘మనము’ అగును.

బుర్రకథ ఎరిగిన ప్రాంతమువారికి ఈ లోపము వెంటనే తట్టవలసినది. కథకుడు ఒక్కడే నిలిచి చెప్పుట బుర్రకథలో లేదు. ఇరుప్రక్కల వంతలు ఉందురు. ఒకడు నవ్వించును, ఒకడు నేటి లోకమును తెచ్చి కథలో పడవేయును. కథకుడు కొంచెము పైకి తేలినాడనిపించగానే వంత, “అదేమయ్యా!” అని కాలుపట్టి లాగును. షేక్ నాజర్ బెంగాలు కరువును బుర్రకథగా చెప్పినప్పుడు, ఎచటనో దూరమున చచ్చినవారి కథ గుంటూరు మండలపు రైతునకు తన కథయైనది. నాజర్ కంఠమొక్కటియే దానికి కారణము కాదు. వినువారి పక్షమున వేదికమీద ఒక మనిషి నిలిచియుండుట కూడ కారణము. డాక్యుమెంటరీ వ్యాఖ్యాతకు వంతలు లేరు. అతనిని ఆపి అడుగువారు లేరు. కాబట్టి ఆ పని అతడే చేసికొనవలెను, లేదా తెరమీది మనుష్యులకు ఇయ్యవలెను.

నేడు హిందీలో ఈ స్వరము మిక్కిలిగా వెలువడు స్థలము ఢిల్లీ కాదు. దాని ప్రక్క జిల్లా. 1997లో ఏర్పడిన గౌతమబుద్ధనగర్ జిల్లాలో నోయిడా 16ఏ సెక్టారు ‘ఫిల్మ్ సిటీ’ అని పిలువబడును. హిందీ వార్తాప్రసార సంస్థలు పెక్కింటికి అది నెలవు. ఉత్తరదేశపు పల్లెలకు ఏ రోగమును గూర్చి, ఏ కరువును గూర్చి చెప్పవలసినను మాట ఇచటి అద్దపు గదులనుండియే పోవుచున్నది. అదే జిల్లాలో, 1991లో ఏర్పడిన ప్రాధికారసంస్థ పాలనలో, గ్రేటర్ నోయిడా కలదు. ‘నోయిడా’ అనునదే ఒక ఇంగ్లీషు కార్యాలయనామపు పొడి అక్షరముల కూర్పు. ఊరి పేరు కార్యాలయమునకు పెట్టుట లోకమున కలదు గాని, కార్యాలయపు పేరు ఊరికి పెట్టుట, మరల దానికి ‘గ్రేటర్’ తగిలించుట ఈ కాలపు విశేషము. వెడల్పైన వీథులు, కళాశాలలు, పూర్తియైనవియు కానివియు అగు ఎత్తైన కట్టడములు, వాని నడుమ గోధుమచేలు పోగొట్టుకొని మిగిలిపోయిన పల్లెలు – ఇది ఆ ఊరి స్వరూపము. భూసేకరణపై 2011 మే నెలలో భట్టా-పర్సౌల్ గ్రామములలో నెత్తురు చిందినది ఈ ప్రాంతముననే. ఇచటినుండి ఆగ్రాకు పోవు 165 కిలోమీటర్ల యమునా ఎక్స్‌ప్రెస్ మార్గము మరుసటి యేడు తెరువబడెను.

ఒక జిల్లాలోనే పలుకువారును, ఎవరిని గూర్చి పలుకుదురో వారును ఉండుట వలన ఒక పరీక్ష సిద్ధమైనది. 2020 మార్చి 24 రాత్రి 8 గంటలకు దేశమంతయు మూతపడునని ప్రకటన వచ్చెను. నాలుగు గంటలలో అమలులోనికి వచ్చెను. తెరమీది స్వరములన్నియు “మనము ఇంటిలోనే ఉండవలెను” అని చెప్పసాగినవి. ఆ వాక్యములో ‘ఇల్లు’ అను మాటయే మొదట బ్రద్దలైనది. గ్రేటర్ నోయిడాలో కట్టడముల పనికి వచ్చిన కూలీకి ఇల్లనగా బీహారులోనో బుందేల్‌ఖండములోనో ఉన్నది. ఇటుకల ప్రక్క రేకులపాక ఇల్లు కాదు, అది పనిచోటు. కాబట్టి అతడు ఆజ్ఞను అక్షరాలా పాటించి ఇంటికి బయలుదేరెను. కొలదిదినములలోనే యమునా ఎక్స్‌ప్రెస్ మార్గము మీద మూటలు నెత్తిన పెట్టుకొని నడచువారి బారులు కనబడినవి. మార్చి 28న ఢిల్లీ ఆనందవిహార్ బస్సుస్టాండు వేలకొలది జనముతో క్రిక్కిరిసినది. మార్చి 31న, ఆ ఉదయము 11 గంటలకు రోడ్లమీద నడచువారెవరును లేరని కేంద్రప్రభుత్వ పక్షమున సుప్రీంకోర్టుకు తెలుపబడినది. ఇది వ్యాఖ్యానముకంటె గట్టి వ్యాఖ్యానము.

అటుపై నాలుగువారములు గడచిన పిదప, ఏప్రిల్ నెలాఖరున, ప్రక్క జిల్లాయైన ఘాజియాబాదునుండి ఏడుగురు కూలీలు బీహారులోని సహర్సాకు సైకిళ్లమీద బయలుదేరిరి. హిందీ టెలివిజన్ వార్తారంగమున చిరకాలము పనిచేసి, పిదప చిత్రములు తీయుచున్న వినోద్ కాప్రీ కెమెరాతో కారులో వారి వెంట పోయెను. ఏడు పగళ్లు, ఏడు రాత్రులు, 1232 కిలోమీటర్లు. ఆ దూరమే పేరుగా ‘1232 కిలోమీటర్స్’ అను డాక్యుమెంటరీ 2021 మార్చి 24న, లాక్‌డౌన్ ప్రకటన జరిగి సరిగా ఏడాది నిండిన నాడు, వెలువడినది. అదే ప్రయాణమును అతడు పుస్తకముగాను వ్రాసెను.

కాప్రీకి ఇది మొదటి యత్నము కాదు. అత్తవారిళ్లలో మరుగుదొడ్డి లేనందున ఇల్లు విడిచి పుట్టింటికి పోయిన ఉత్తరప్రదేశ్ కుశీనగర్ జిల్లా స్త్రీలను గూర్చి అతడు తీసిన ‘కాంట్ టేక్ దిస్ షిట్ ఎనీమోర్’ 2014 సంవత్సరమునకు సంఘసమస్యల చిత్రములలో ఉత్తమమైనదిగా జాతీయబహుమతి పొందెను. మరుగుదొడ్డిని గూర్చి ప్రభుత్వచిత్రములు దశాబ్దములుగా చెప్పుచునే యుండెను. అవి పురుషునితో చెప్పుచుండెను, స్త్రీ గౌరవమును గూర్చి చెప్పుచుండెను. ఇచట స్త్రీలే నోటితో కాక కాలితో చెప్పిరి, గడప దాటిరి. కాప్రీ యోగ్యత ఏమనగా, ఆ గడప దాటుటను ‘ఉదాహరణము’గా కాక సంఘటనగా తీసికొనుట. ఆ చిత్రము పేరు తెలుగు చేయువానికి మంచి పరీక్ష. ఇంగ్లీషు పేరులో కర్త లేడు. తెలుగున “ఇక భరింపలేను” అన్నచో ఒక స్త్రీ. “ఇక భరింపలేము” అన్నచో పలువురు. అయితే ఆ పలువురు ‘మేము’నా, ‘మనము’నా? తెలుగు క్రియాపదము రెంటికిని ఒకే రూపు దాల్చును గనుక, సర్వనామమును విడిచినచో తెలుగువాడును హిందీవానివలెనే తప్పించుకొనవచ్చును. మన అనువాదకులు అనేకులు ఈ త్రోవనే తప్పించుకొనుచున్నారు. అట్టి వాక్యము నున్నగా నుండును. ఎవరిని గూర్చియో చెప్పదు.

‘1232 కిలోమీటర్స్’లో ఈ ప్రశ్న మరింత పదునెక్కినది. ఆ కూలీల నోట ‘హమ్’ అను మాట మాటిమాటికి వచ్చును. బీహారువారి వాడుకలో ‘హమ్’ అనునది ఏకవచనమున ‘నేను’ కూడ అగుట వలన, ఆ మాటకు తెలుగున మూడు త్రోవలు కలవు. సైకిలు తొక్కుచు ఆయాసపడుచున్నవాడు “హమ్ ఇంటికి పోదుము” అన్నచో, అతడు తనను గూర్చి చెప్పుచున్నాడా, తన ఆరుగురు తోడివారితో కలిపి చెప్పుచున్నాడా, లేక కారులో వచ్చుచున్నవానిని కూడ కలుపుకొనుచున్నాడా? మూడవ అర్థము అసంభవమని వెంటనే తోచును. కాని దినములు గడచినకొలది ఆ అసంభవము కొంచెము కొంచెముగా సడలుట ఈ చిత్రమున అసలైన కథ. మొదట వెంబడించు కెమెరా ఒక వాహనము మాత్రమే. ఎండ ఒకటే, త్రోవ ఒకటే, పోలీసుల భయము ఒకటే అయినప్పుడు దూరము తగ్గును. పూర్తిగా పోదు. పోయినట్లు నటించియున్నచో చిత్రము చెడియుండెడిది.

కారు, సైకిలు అను ఈ రెండు వాహనముల నడుమ నున్న ఎడమే ఈ చిత్రమునకు ధర్మసంకటము. ఏడుగురును అలసి పడిపోవుచుండగా కారుగలవాడు వారిని ఎక్కించుకొనవలదా? ఎక్కించుకొన్నచో ప్రయాణము ఉండదు, చిత్రము ఉండదు; ఎక్కించుకొననిచో అతడు ఎవరు? ఈ ప్రశ్నను ప్రేక్షకుడు వేయకమానడు. దీనికి నిర్దోషమైన సమాధానము లేదు. కాప్రీ గొప్పతనము సమాధానము చెప్పుటలో లేదు. స్టూడియోలోని తన పూర్వవృత్తి నేర్పిన గంభీరకంఠమును ఊరిలోనే విడిచి, వెంటపడి అడుగువాని కంఠముతో బయలుదేరుటలో ఉన్నది. “తిన్నారా?” “ఎచట పడుకొందురు?” వంటి అడుగుట ఆజ్ఞార్థకమునకు విరుగుడు. ‘వలెను’, ‘కూడదు’ అను క్రియలు ఇచట కూలీల నోటనుండియే వచ్చును, అదియు తమను గూర్చి.

చిత్రమున దోషము లేకపోలేదు. గుల్జార్ పాటలు, విశాల్ భరద్వాజ్ సంగీతము విడిగా వినదగినవి. వాని ప్రతిభను గూర్చి వాదము లేదు. అయినను కూలీల ‘మేము’ను కవి తన గొంతుతో పలికినప్పుడు అది మధురమైపోవును. సైకిలు గొలుసు చప్పుడు, ఊపిరి చప్పుడు ఇచ్చిన లయ చాలియుండగా పాట దానిమీద పట్టుబట్ట కప్పినది. దుఃఖమును పాటగా చేసికొనుట ఈ దేశపు జానపదులకు క్రొత్త కాదు, నిజమే. కాని వారు తమ పాట తాము పాడుకొందురు.

తెలుగువారు ఈ చిత్రమును దూరదేశపు కథగా చూడరాదు. వలసకూలీలకై నడచిన మొదటి ప్రత్యేకరైలు 2020 మే 1న బయలుదేరినది హైదరాబాదు ప్రక్క లింగంపల్లినుండియే. అది జార్ఖండునందలి హటియాకు పోయెను. దానికి కొలదిదినములకు ముందు, ఏప్రిల్ నెలలో, తెలంగాణ మిరపచేలలో పనికి వచ్చిన 12 ఏండ్ల ఛత్తీస్‌గఢ్ బాలిక తోడివారితో అడవిత్రోవలబడి మూడు దినములు నడచి, తన ఊరికి చేరువలో మరణించినది. ఆమె వెంట కారు లేదు. ఆమె ‘హమ్’ అన్నదో, గోండీలో ఏమన్నదో వినినవారు ఆమెతోడి కూలీలే. గోండీ ద్రావిడభాష, అందును ‘మనము’, ‘మేము’ అను భేదము కలదు.

ఈ విషయముననే పూర్తిగా వేరైన మార్గము ఆమిర్ ఖాన్‌ది. 2012 మే 6న మొదలైన ‘సత్యమేవ జయతే’ ఆదివారము ఉదయము 11 గంటలకు స్టార్ సంస్థయందును దూరదర్శన్ నందును ఒకేసారి వచ్చి, తెలుగులోనికి కూడ మార్పబడి, ఇంటింట వినబడెను. మొదటి విడత 13 భాగములు. ఆడశిశువుల భ్రూణహత్యతో ఆరంభించుట తెలివియైన ఎన్నిక. ఆ పాపము చదువురాని పల్లెవారిదని తలచి నిశ్చింతగా కూర్చున్న పట్టణపు చదువరితో, అది నీ ఇంటిది, నీ డాక్టరుది అని చెప్పుట వలన అతని ‘హమ్’ నిజమైన ‘మనము’ అయినది. వినువానిని కలుపుకొన్నది, కలుపుకొని బోనులో నిలిపినది. నాలుగవ భాగము వైద్యవృత్తిలోని అక్రమములను గూర్చినది. ఇండియన్ మెడికల్ అసోసియేషన్ క్షమాపణ కోరెను, అతడు నిరాకరించెను. కోపము తెచ్చిన వ్యాఖ్యానము ఎవరో ఒకరిని తాకినదనుట నిశ్చయము. ఫిల్మ్స్ డివిజన్ స్వరము ఏనాడును ఎవరికిని కోపము తెప్పించలేదు.

అయినను స్టూడియో స్టూడియోయే. ఒకరు తన కథ చెప్పుచుండగా కెమెరా తిరిగి, వినుచున్నవారి కన్నీటిమీద నిలుచును. కన్నీరు తుడుచుకొనుట చూచి ఇంటిలోనివాడు తానును తుడుచుకొనును. కథ చెప్పినవాని కన్ను ఆ సమయమున ఎట్లున్నదో తెలియదు. కరుణరసమునకు ఆలంబనము తెరనుండి తప్పుకొని, ప్రేక్షకుడే తెరమీద నిలిచెను. ఆలంకారికులు ఈ సంగతిని చూచియున్నచో రసాభాసకు క్రొత్త లక్ష్యమొకటి వ్రాసికొనియుండెడివారు.

జులై 8న వచ్చిన పదియవ భాగము దీనికి కొంత అపవాదము. అస్పృశ్యతను గూర్చిన ఆ భాగమున బెజవాడ విల్సన్ మాటలాడెను. ఇంటిపేరులోనే బెజవాడను మోయుచున్న ఈయన కర్ణాటకమునందలి కోలారు బంగారుగనుల పట్టణమున, చేతులతో మలము ఎత్తు వృత్తిలోనికి నెట్టబడిన కుటుంబమున పుట్టెను. సఫాయి కర్మచారీ ఆందోళన్ నాయకుడు. 2016లో మెగసెసే పురస్కారము పొందెను. ఆ పని చేయించుటను నిషేధించు చట్టము 1993లోనే వచ్చినది, మరల 2013లో మరింత గట్టిగా వచ్చినది. మధ్యలో ఇరువదియేండ్లు ‘పారిశుద్ధ్యము’ను గూర్చిన చిత్రములు వచ్చుచునే యుండెను. వానిలో శుభ్రముగా నున్న వీథి కనబడును. దానిని శుభ్రము చేసినవాడు కనబడడు. విల్సన్ వచ్చి ‘మేము’ అన్నప్పుడు ఆ మాటలో వేదిక ఎదుటివారికి స్థానము లేదు, వ్యాఖ్యాతకును లేదు. అది బహిష్కరణమునకు తిరుగుజవాబైన బహిష్కరణము. అంతటి నేర్పరియైన వ్యాఖ్యాత అక్కడ వినువాడుగా మారవలసివచ్చుట ఆ కార్యక్రమము మొత్తమున ఉత్తమమైన ఘట్టములలో ఒకటి. తెలుగు చేసినవారికి కూడ ఆ చోట సందేహము ఉండదు. ‘మనము’ అని అనువదించుటకు ఏ కలమును సాహసింపదు.

‘మనము’ అను మాటను ఆయుధముగా వాడినవాడు పి.సాయినాథ్. మాజీ రాష్ట్రపతి వి.వి.గిరి మనుమడైన ఈ పత్రికారచయిత, దీపా భాటియా 2009లో తీసిన ‘నీరోస్ గెస్ట్స్’ అను చిత్రమున రైతుల ఆత్మహత్యలను గూర్చి మాటలాడును. అందులో అతడు రోమను చరిత్రకారుడు టాసిటస్ వ్రాసిన సంగతి నెత్తుకొనును: నీరో తోటలో విందు, వెలుతురునకై మనుష్యులను దివిటీలుగా కాల్చిరి. నీరో సంగతి అట్లుంచి, ఆ వెలుతురున కూర్చుండి భోజనము చేసిన అతిథులు ఎవరని అతని ప్రశ్న. అతిథులు మనమే. ‘మనము భోజనమునకు పోదము’ అను వాక్యమునకు ఇంతకంటె భయంకరమైన వినియోగము కనబడదు. సాయినాథ్ ధోరణిలో ఉపన్యాసపు పాలు ఎక్కువ, వ్యంగ్యము ఒక్కొక్కప్పుడు తన చమత్కారమునకు తానే మురియును. కాని పలుకువాడును ఆ పంక్తిలోనివాడేనని ఒప్పుకొని పలుకుట వలన ఆ దోషము క్షమింపదగియున్నది.

తుదకు నీటివద్దకు రావలసియున్నది. గ్రేటర్ నోయిడా ప్రక్కనే హిందన్ నది యమునలో కలియును. హిందన్, కాళి, కృష్ణి నదుల వెంబడి పశ్చిమ ఉత్తరప్రదేశ్ గ్రామములలో భూగర్భజలము చెడిపోవుటను గూర్చిన ఫిర్యాదును జాతీయ హరిత ట్రిబ్యునల్ విచారించినది. తెలుగువారికి ఈ కథ క్రొత్త కాదు. నెల్లూరు జిల్లాలో నీటి ఫ్లోరైడు వలన ఎముకలు బిగిసిపోవు వ్యాధిని గూర్చి 1937లోనే వైద్యులు ప్రకటించిరి. నల్లగొండ తరతరములుగా దానిని అనుభవించెను. ఇట్టి గ్రామములలో పనికిరాని నీటి చేతిపంపునకు ఎఱ్ఱరంగు పూయుట కలదు. ఇట్టి గ్రామమును గూర్చి తీసిన చిత్రమున, ఎఱ్ఱరంగు పంపు కనబడుచుండగా, వ్యాఖ్యాత “ఈ నీరు త్రాగుటకు పనికిరాదు” అని చెప్పుట పరిపాటి. ఆ వాక్యము సత్యము. అందులో సర్వనామమే లేదు. ఎవరికి పనికిరాదో చెప్పనక్కరలేకుండ నిర్మింపబడినది. పిమ్మట కెమెరా బిందెతో నిలిచిన స్త్రీవైపు తిరుగును. మరి ఏ నీరు త్రాగుచున్నారని అడుగుదురు. ఆమె సమాధానము ‘హమ్’ అని ఆరంభమగును. తెలుగు చేయువాడు అచట చిత్రమును ఆపి, వెనుకకు త్రిప్పి, వ్యాఖ్యాత ఆ పంపునకు ఎంత దూరమున నిలిచియున్నాడో, అతని చేతిలోని నీళ్లసీసా ఎచటిదో చూచిన పిదపగాని ఆ మాట వ్రాయజాలడు.